దూలానికి వేలాడే కవరు నుంచి డ్రైవ్ దాకా: మా హాస్టల్ కాగితాల కథ



పోస్టు కాస్త పెద్దది. ఓపిక చేసుకుని చివరి దాకా చదవండి, ముఖ్యంగా హాస్టళ్ళలో ఉన్నవాళ్ళు. మేము పాడేరు ఏజెన్సీ నుంచి వచ్చి విశాఖలో హాస్టల్‌లో ఉంటూ డిగ్రీ చదువుతున్న నలుగురం. మా నాలుగు ఇళ్ళల్లోనూ కాలేజీ గడప తొక్కిన మొదటివాళ్ళం మేమే. నలుగురికీ ఒకటే రూమ్, ఒకటే లాప్‌టాప్. అది కూడా సెకండ్ హ్యాండ్‌లో కొన్నది, ఛార్జర్ తీస్తే ఆగిపోతుంది. టైప్ చేస్తున్నది ఒకరే అయినా పని చేసింది, తప్పు చేసింది నలుగురం కాబట్టి అంతా మేము అనే రాస్తున్నాం.

మన ఇళ్ళల్లో కాగితాలు ఎక్కడ ఉంటాయో మీకు చెప్పక్కర్లేదు. ఒక ప్లాస్టిక్ కవరు. మూతి ముడేసి దూలానికి వేలాడదీస్తారు. ఎలకలకి అందకూడదు, చెద పట్టకూడదు, వాన జల్లు తగలకూడదు. రేషన్ కార్డు, ఆధార్లు, జాబ్ కార్డు, కులం సర్టిఫికెట్, పదో తరగతి మార్కుల లిస్టు, ఉంటే పోడు భూమి పట్టా, అన్నీ ఆ కవరులోనే. ఇంట్లో చదువు వచ్చినవాళ్ళు ఊళ్ళో లేనప్పుడు అందులో ఏ కాగితం ఏదో చెప్పేవాళ్ళు కూడా ఉండరు.

పోయిన ఏడాది జూలైలో మా జూనియర్ తమ్ముడికి ఒక కోర్సు కౌన్సెలింగ్ వచ్చింది. సర్టిఫికెట్లు అప్‌లోడ్ చెయ్యడానికి ఆఖరి రోజు. స్కాన్ చేసిన ఫైళ్ళన్నీ వాడి ఫోన్‌లోనే ఉన్నాయి. ఆ ఫోన్ వారం ముందు ఊరెళ్ళినప్పుడు గెడ్డ దాటుతుంటే నీళ్ళల్లో పడిపోయింది. స్కాన్ చేసిన నెట్ సెంటర్‌కి పరిగెత్తాం. రోజూ సాయంత్రం కంప్యూటర్లో ఉన్నవి తుడిచేస్తాం, మీ ఫైళ్ళు లేవు అన్నారు. ఇంక మిగిలింది ఇంట్లో కవరు ఒక్కటే.

పక్కింటి అబ్బాయి ఫోన్‌కి చేసి వాళ్ళ అమ్మని పిలిపించాం. ఆమెకి చదువు రాదు. "అమ్మా, నీలం సీలు ఉన్న కాగితం ఫొటో తీయించి పంపు" అన్నాడు వాడు. ఊళ్ళో సిగ్నల్ లేదు. ఆమె కవరు పట్టుకుని, పక్కింటి అబ్బాయిని వెంటబెట్టుకుని వానలో సిగ్నల్ కొండ ఎక్కింది. ఫొటో వచ్చేసరికి మూడు దాటింది. తెరిచి చూస్తే అది కులం సర్టిఫికెట్ కాదు, స్టడీ సర్టిఫికెట్. నీలం సీలు రెండింటికీ ఉంది. మళ్ళీ ఫోన్ చేస్తే కలవలేదు, అప్పటికే వాళ్ళు కొండ దిగిపోయారు. సరైన ఫొటో రాత్రి ఏడింటికి వచ్చింది. సైట్ అయిదింటికే మూసేశారు.

వాడు ఆ రాత్రి అన్నం తినలేదు. మేమూ సరిగ్గా తినలేదు. వాళ్ళమ్మ మాత్రం తర్వాత రోజు మళ్ళీ కొండెక్కి ఫోన్ చేసి "కాగితం అందిందా బాబూ?" అని అడిగింది. అందింది అని చెప్పాడు. అంతకన్నా ఏం చెప్తాడు?

అప్పుడే అనుకున్నాం, ఈ కాగితాలన్నీ మా చేతికి ఎప్పుడూ అందే చోట పెట్టాలని. కొందరు అన్నలు అడుగుతారు, డిజీలాకర్ ఉంది కదా అని. ఉంది, వాడండి. ప్రభుత్వ శాఖలు నేరుగా అందులో జారీ చేసిన పత్రాలకు అసలుతో సమానమైన విలువ ఉంది. కానీ ఆధార్‌తో అది తెరవాలంటే ఆధార్‌కి లింకైన నంబరు పనిచేయాలి. మా హాస్టల్‌లో సగం మందికి ఆ నంబరు నాన్నదో, ఎప్పుడో ఆగిపోయిన సిమ్‌దో. పైగా చేత్తో రాసిచ్చిన పాత కాగితాలు, స్టడీ సర్టిఫికెట్లు, ఇంటి పట్టా చాలావరకు అందులో దొరకవు. అందుకని గూగుల్ డ్రైవ్‌లో పెడదామనుకున్నాం. ఒక జీమెయిల్‌తో 15 జీబీ ఉచితం. మెయిల్, ఫొటోలు, డ్రైవ్ మూడింటికీ కలిపి అంత. కాగితాలకి అది చాలా ఎక్కువ.

మొదట ఫోన్‌తోనే ఎక్కించాం. 63 మంది పిల్లలు, ఒక్కొక్కరికి సుమారు 7 కాగితాలు. రెండు ఆదివారాలు కూర్చుంటే 20 మందివి కూడా పూర్తి కాలేదు. అన్నిటికీ కెమెరా పెట్టిన పేర్లే, అంకెలు తప్ప ఇంకేం లేదు. ఎవరి కాగితమో తెలియాలంటే తెరిచి చూడాలి. అంటే కవరు దూలం మీద నుంచి ఫోన్‌లోకి మారిందే గానీ, ఏ కాగితం ఏదో తెలియని కష్టం అలాగే ఉంది.

మా కంప్యూటర్స్ సార్‌కి చూపిస్తే నవ్వి, "చేత్తో ఎందుకురా, ఏపీఐ వాడండి" అన్నారు. ఆ మాట పరీక్ష కోసం చదివాం గానీ ఎప్పుడూ ముట్టుకోలేదు. మాకు అర్థమైన పద్ధతిలో చెప్తాం.

ఆర్టీసీ కార్గో మనందరికీ తెలుసు కదా. ఇంటి దగ్గర నుంచి బియ్యం, చోళ్ళు, రాజ్మా అందులోనే వస్తాయి. మనం గోడౌన్ లోపలికి వెళ్ళం. కౌంటర్ దగ్గర ఫారం నింపాలి. ఎవరు పంపారు, ఎవరికి, ఏం ఉంది అన్నది గళ్ళల్లో రాయాలి. రసీదు ఇస్తారు, దాని మీద నంబరు ఉంటుంది. అవతల ఆ నంబరు చెప్తే మూట ఇస్తారు. ఏపీఐ అంటే ఆ కౌంటరే. తేడా ఏంటంటే మన బదులు మనం రాసిన ప్రోగ్రాం కౌంటర్ దగ్గర నిలబడుతుంది. 63 మంది ఫారాలు విసుక్కోకుండా నింపుతుంది. అవతల నుంచి జవాబు ఒక అంకెగా వస్తుంది. 200 అంటే తీసుకున్నాం. 401 అంటే నువ్వెవరో మాకు తెలీదు. 403 అంటే నీకు అనుమతి లేదు, లేదా నీ కోటా దాటావు. 404 అంటే అలాంటిది ఇక్కడ లేదు. ఈ నాలుగు అంకెలు తెలిస్తే సగం భయం పోతుంది.

మొదలుపెట్టడానికి మాకు పది రాత్రులు పట్టింది. గూగుల్ క్లౌడ్‌లో ఒక ప్రాజెక్టు తెరవాలి, అందులో డ్రైవ్ ఏపీఐ ఆన్ చెయ్యాలి, మన ప్రోగ్రాంకి ఒక గుర్తింపు ఫైల్ దించుకోవాలి. తర్వాత పైతాన్‌లో గూగుల్ వాళ్ళ లైబ్రరీ పెట్టుకోవాలి. మొదటిసారి నడిపినప్పుడు బ్రౌజర్ తెరుచుకుని, ఈ ప్రోగ్రాంకి అనుమతి ఇస్తారా అని అడుగుతుంది. ఒప్పుకుంటే ఒక టోకెన్ ఫైల్ తయారవుతుంది. అది మన ఇంటి తాళం చెవి లాంటిది. దాన్ని వాట్సాప్‌లో ఎవరికీ పంపకండి. మా నలుగురిలో ముగ్గురు తెలుగు మీడియం. గూగుల్ వాళ్ళు రాసిన ఇంగ్లీషు పేజీ ఒక్కో లైన్ ఇద్దరం చదివి, మూడోవాడికి అర్థమైంది చెప్పించుకుని ముందుకు వెళ్ళాం. రాత్రి ఒంటిగంటకి మొదటి ఫైల్ ఎక్కి 200 అని వచ్చినప్పుడు గట్టిగా అరిచాం. పక్క రూమ్ వాళ్ళు తిట్టారు.

ఆ తర్వాత తప్పులే తప్పులు. మీరు మళ్ళీ చెయ్యకుండా వరసగా రాస్తున్నాం.

మొదటిది. ఫోన్‌తో ముందే ఎక్కించిన 20 మంది ఫైళ్ళు మా ప్రోగ్రాంకి కనపడలేదు. లిస్టు అడిగితే అది ఎక్కించినవి మాత్రమే చూపించింది. అన్నీ పోయాయని ఒకడికి చెమట్లు పట్టాయి. పోలేదు. అనుమతి తీసుకునేటప్పుడు మేము ఎంచుకున్నది చిన్న అనుమతి. దాంతో ప్రోగ్రాంకి తాను పెట్టిన ఫైళ్ళు, లేదా మనం దానితో తెరిచిన ఫైళ్ళే కనిపిస్తాయి. డ్రైవ్ మొత్తం చూసే పెద్ద అనుమతి ఇంకోటి ఉంది. మేము చిన్నదే ఉంచుకున్నాం. పనికి ఎంత కావాలో అంతే అడగడం మంచిదని సార్ చెప్పారు. ఆ 20 మందివి మళ్ళీ స్కాన్ చేశాం.

రెండోది. ప్రోగ్రాం మధ్యలో ఆగితే మళ్ళీ మొదటి నుంచి నడిపాం. తెల్లారి చూస్తే ఒకే పేరుతో రెండేసి ఫైళ్ళు. మన కంప్యూటర్లో ఒక ఫోల్డర్లో ఒకే పేరుతో రెండు ఫైళ్ళు ఉండవు, డ్రైవ్‌లో ఉంటాయి. దానికి పేరు ముఖ్యం కాదు, ఐడీ ముఖ్యం. కార్గోలో ఒకే పేరున పది మూటలు ఉండొచ్చు, రసీదు నంబరు మాత్రం వేరు వేరు. అప్పటి నుంచి ప్రతి ఫైల్ ఐడీని ఒక షీట్‌లో రాసుకుంటున్నాం. ఎక్కించే ముందు ఆ పేరుతో ముందే ఉందా అని అడిగించి, ఉంటే పాతదాన్నే కొత్తదానితో మార్చేలా రాశాం.

మూడోది. ఆ రెండో కాపీలు తీసేద్దామని ఏపీఐలో డిలీట్ వాడాం. డ్రైవ్ యాప్‌లో తీసేస్తే ట్రాష్‌లోకి పోతుంది, 30 రోజుల్లోపు వెనక్కి తెచ్చుకోవచ్చు. ఏపీఐలో డిలీట్ అలా కాదు, నేరుగా శాశ్వతంగా పోతుంది. తొందరలో ఒక 14 అసలు ఫైళ్ళు కూడా పోయాయి. పిల్లలు హాస్టల్‌లోనే ఉన్నారు కాబట్టి మళ్ళీ స్కాన్ చేసుకున్నాం. సెలవుల్లో జరిగి ఉంటే ఏమయ్యేదో. ఇప్పుడు డిలీట్ అన్న మాటే మా ప్రోగ్రాంలో లేదు. ట్రాష్ అని గుర్తు పెట్టి వదిలేస్తాం.

నాలుగోది. వారం బాగా నడిచి ఎనిమిదో రోజు టోకెన్ చెల్లదు అని ఆగిపోయింది. ఏం ముట్టుకున్నాం అని ఒకరినొకరు అనుమానించుకున్నాం. ఎవరూ ఏం ముట్టుకోలేదు. ప్రాజెక్టు ఇంకా టెస్టింగ్ అనే స్థితిలో ఉంటే ఆ అనుమతి 7 రోజులకే అయిపోతుందట. మళ్ళీ లాగిన్ అయితే సరిపోయింది.

ఇవన్నీ యంత్రం తప్పులు, సరిచేసుకున్నాం. అయిదోది అలాంటిది కాదు. రాయడానికే సిగ్గుగా ఉంది, అయినా రాయాలి.

సెప్టెంబరు నాటికి 63 మంది కాగితాలు పద్ధతిగా సర్దాం. ఒక్కొక్కరికి ఒక ఫోల్డర్. పేరు, ఊరు, కాగితం పేరు, సంవత్సరం వరసలో ఫైల్ పేరు. చాలా సంబరంగా ఉంది. మరి పిల్లలు తమ కాగితాలు ఎలా తీసుకోవాలి? ఒక్కొక్కరి మెయిల్ అడిగి అనుమతి ఇవ్వాలంటే బద్ధకించాం. పెద్ద ఫోల్డర్ మొత్తానికి, లింకు ఉన్నవాళ్ళు ఎవరైనా చూడొచ్చు అని ఒక్క లైన్‌లో అనుమతి పెట్టేశాం. పై ఫోల్డర్‌కి ఇస్తే లోపల ఉన్న అన్నిటికీ అదే వస్తుంది. లింకుని హాస్టల్ వాట్సాప్ గ్రూపులో పెట్టాం. అందరూ చప్పట్ల బొమ్మలు పెట్టారు.

తొమ్మిది రోజుల తర్వాత అమ్మాయిల హాస్టల్ నుంచి ఒక చెల్లి ఫోన్ చేసింది. ఆమె కాగితాలు కూడా మా దగ్గరే ఉన్నాయి. ఎవరో తెలియనివాడు ఆమెకి ఫోన్ చేసి పేరు, నాన్న పేరు, ఊరు, పుట్టిన తేదీ అన్నీ కరెక్టుగా చెప్పాడట. నీ స్కాలర్‌షిప్ ఆగింది, ఓటీపీ చెప్పు అన్నాడట. ఆమె తెలివైంది, చెప్పలేదు. కానీ భయపడింది. లింకు ఎవరు ఎవరికి పంపారో, ఆ మనిషికి అక్కడి నుంచే దొరికిందో లేదో మాకు ఈ రోజుకీ తెలీదు. తెలుసుకునే దారి మేమే లేకుండా చేశాం. దొరకడానికి వీలుగా తలుపు తెరిచింది మాత్రం మేమే.

పది నిమిషాల్లో ఆ అనుమతి తీసేశాం. ఏపీఐలో పర్మిషన్ల లిస్టు అడిగి, ఎవరైనా అన్నదాన్ని తొలగించడం పెద్ద పని కాదు. కానీ అప్పటికే ఎవరైనా దించుకుని ఉంటే ఆ కాపీని వెనక్కి తెచ్చే ఆజ్ఞ ఏ ఏపీఐలోనూ లేదు. అది తెలిసినప్పుడు రూమ్‌లో ఎవరం ఏం మాట్లాడలేదు.

తర్వాత రోజు అమ్మాయిల హాస్టల్‌కి వెళ్ళి, వార్డెన్ మేడం ముందే ఆ చెల్లికి క్షమాపణ చెప్పాం. మిగతా అమ్మాయిలు కూడా వచ్చి నిలబడ్డారు. తిడతారనుకున్నాం. ఆ చెల్లి ఒక్కటే అంది. "అన్నా, మీరు దాచిపెట్టారు, మంచిదే. కానీ మా కాగితం ఎవరికి చూపించాలో మమ్మల్ని ఒక్కసారైనా అడగలేదు కదా."

ఆ మాట మాకు బాగా తగిలింది. పోడు భూమి హక్కు ఎవరిదో తేల్చే పని గ్రామసభ దగ్గరే మొదలవ్వాలని 2006 అటవీ హక్కుల చట్టం చెప్తోంది. మన ఊరి సంగతి మన ఊరిని అడక్కుండా ఎవరూ తేల్చకూడదని మీటింగుల్లో గట్టిగా మాట్లాడేది మనమే. ఈ గ్రూపులో పోస్టులు పెట్టిందీ మేమే. అలాంటిది 63 మంది ఇళ్ళ కాగితాలకి, వాళ్ళని అడక్కుండా, ఒక్క లైన్‌తో తలుపు తీసేశాం. బయటోళ్ళు అడక్కుండా చేస్తే అన్యాయం అంటాం. మనోళ్ళు మన మంచికే అడక్కుండా చేసినా అది అన్యాయమే.

ఆ వారం అందరితో కూర్చున్నాం. ఒక్కొక్కరిని విడిగా అడిగాం, నీ కాగితాలు ఇందులో ఉంచాలా, తీసేయాలా అని. అయిదుగురు తీసేయమన్నారు. ఎందుకని అడగలేదు, తీసేశాం. మిగతావాళ్ళ ఫోల్డర్ వాళ్ళ జీమెయిల్‌కి మాత్రమే, చూసే అనుమతితో ఇచ్చాం. 38 మందికి జీమెయిల్ లేదు, ఉన్నా పాస్‌వర్డ్ గుర్తులేదు. వాళ్ళతో కూర్చుని పెట్టించాం. మేము నాలుగు రోజుల పని అని బద్ధకించింది నిజంగా నాలుగు రోజులే పట్టింది. ఆధార్ స్కాన్‌లు అన్నీ తీసేసి, చివరి 4 అంకెలు మాత్రమే కనపడే మాస్క్‌డ్ ఆధార్ పెట్టాం. ఆధార్ వాళ్ళ సైట్‌లోనే అది ఉచితంగా దొరుకుతుంది.

దసరా సెలవులకి మాలో ఇద్దరం ఒకే ఊరు వెళ్ళాం. అక్కడ పెద్దవాళ్ళ కాగితాలు కూడా స్కాన్ చేద్దామని లాప్‌టాప్ పట్టుకెళ్ళాం. ఒక అవ్వ తన కవరు తెచ్చింది. లోపల ఇంకో కవరు, దాని లోపల గుడ్డ, గుడ్డలో అటవీ హక్కుల పట్టా. మడతల దగ్గర చిరిగిపోవడానికి వచ్చింది. కాగితం మా చేతికి ఇవ్వకుండా, తను పట్టుకునే ఫొటో తీయించింది. తర్వాత అడిగింది.

"ఏటి బాబూ, ఇదెక్కడ పెడతావు?"

"దూరంగా ఒక పెట్టెలో అవ్వా. ఇది తడిసినా, చిరిగినా బొమ్మ అక్కడ ఉంటుంది."

"అసలు కాగితం?"

"అసలు నీ దగ్గరే. బొమ్మ మాత్రమే అక్కడ."

"ఆ పెట్టె ఎవరు తెరుస్తారు?"

జూలైలో అడిగుంటే, భయం లేదు అవ్వా అని చెప్పేసి ఉండేవాళ్ళం. ఇప్పుడు అలా అనలేకపోయాం. ఎవరు తెరవాలో నువ్వే చెప్పు అన్నాం. కాసేపు ఆలోచించి, "నా మనవరాలు. ఇంకెవరూ వద్దు. నా కొడుకు కూడా వద్దు, తాగినప్పుడు ఎవరికైనా చూపిస్తాడు" అంది. మనవరాలు పాడేరులో ఇంటర్ చదువుతోంది. ఆమె మెయిల్‌కి మాత్రమే అనుమతి పెట్టాం. అవ్వ నిర్ణయం అవ్వది.

ఎక్కించడానికి సిగ్నల్ కొండ ఎక్కాం. మాకు ఈ మొత్తం పనిలో బాగా నచ్చింది అక్కడ పనికొచ్చింది. 5 ఎంబీ లోపు ఫైళ్ళని ఒకే దెబ్బలో ఎక్కించవచ్చు. కానీ సిగ్నల్ పోతే మొత్తం మళ్ళీ మొదటికి వస్తుంది. దానికి బదులు రిజ్యూమబుల్ అనే పద్ధతి ఉంది. పెద్ద ఫైళ్ళకీ, నెట్ తెగే చోట్లకీ అదే వాడమని గూగుల్ వాళ్ళే చెప్తారు. ముందు, ఇంత సైజు ఫైల్ పంపబోతున్నాం అని చెప్తే వాళ్ళు ఒక తాత్కాలిక అడ్రస్ ఇస్తారు. ఫైల్‌ని ముక్కలుగా ఆ అడ్రస్‌కి పంపాలి. ఆఖరి ముక్క తప్ప ప్రతి ముక్కా 256 కేబీ, లేదా దానికి రెట్లలో ఉండాలి. ఆ అడ్రస్ వారం రోజులు పనిచేస్తుంది.

అవ్వ పట్టా 2 ఎంబీ, అంటే 8 ముక్కలు. అయిదు వెళ్ళాక సిగ్నల్ పోయింది. వాన మొదలైంది. లాప్‌టాప్‌ని గొడుగు కింద పెట్టి మేము తడుస్తూ దిగాం. ఛార్జింగ్ కూడా అయిపోయింది. ఆ అడ్రస్‌ని మాత్రం మా ప్రోగ్రాం ఒక చిన్న టెక్స్ట్ ఫైల్‌లో రాసి పెట్టుకుంది. తర్వాత రోజు పొద్దున్న మళ్ళీ ఎక్కి, ఎంతవరకు అందింది అని అడిగాం. 308 అని జవాబు. అంటే ఇంకా పూర్తి కాలేదు. పక్కనే, 0 నుంచి 1310719 దాకా అందింది అని ఉంది. లెక్క వేస్తే సరిగ్గా అయిదు ముక్కలు. ఆరో ముక్క నుంచి పంపాం. మూడు నిమిషాల్లో 200.

వానలో కొండెక్కి, తప్పు కాగితం పంపి, దిగిపోయిన ఆ అమ్మ అప్పుడు గుర్తొచ్చింది. ఆమెకి ఆగిన చోట నుంచి మొదలుపెట్టే వీలు ఎవరూ ఇవ్వలేదు.

దాచడం సగం పనే. వెనక్కి రావాలి కదా. అందుకని నెలకో ఆదివారం అయిదుగురి పేర్లు చీటీ తీసి, వాళ్ళ ఫైళ్ళు డౌన్‌లోడ్ చేసి చూస్తాం. ఐడీ ఇచ్చి, వివరాలు కాదు లోపలి ఫైలే కావాలి అని ఏపీఐని అడగాలి. డ్రైవ్ మనం ఎక్కించిన ఇలాంటి ఫైళ్ళకి ఎండీ5 అని ఒక వేలిముద్ర లాంటిది ఉంచుతుంది. దిగిన ఫైల్ వేలిముద్ర దానితో కలిస్తే ఒక్క అక్షరం కూడా చెడలేదని అర్థం. ఒకసారి వేలిముద్ర కలిసింది గానీ ఫొటోనే మసకగా ఉంది, సీలు కనపడలేదు. యంత్రం దృష్టిలో అది బాగున్నట్టే. అందుకే తెరిచి కళ్ళతో కూడా చూడాలి.

ఈ ఏడాది మళ్ళీ కౌన్సెలింగ్ వచ్చింది. ఆఖరి రోజు ఒక జూనియర్ బ్యాగు బస్సులో మర్చిపోయి ఏడుస్తూ వచ్చాడు. వాడి ఫోల్డర్ నుంచి అయిదు కాగితాలు దించి, వాళ్ళు అడిగిన సైజుకి తగ్గించి అప్‌లోడ్ చేసేసరికి పావుగంట పట్టింది. ఆ పని చేసింది మేము నలుగురం కాదు. పోయిన ఏడాది సీటు పోగొట్టుకున్న తమ్ముడే. వాడికి ఆ కోర్సు దొరకలేదు, ఏడాది ఖాళీగా పోయింది. ఈసారి వేరే కోర్సులో చేరాడు. పోయిన సంవత్సరం పోయినట్టే. ప్రోగ్రాం మాత్రం ఇప్పుడు వాడే చూసుకుంటున్నాడు, మా కన్నా బాగా.

మీ హాస్టల్‌లో మొదలుపెట్టాలనుకుంటే మేము నేర్చుకున్న నాలుగు మాటలు:

1. ముందు మనిషిని అడగండి, తర్వాతే స్కాన్ చెయ్యండి. ఉంచాలా, ఎవరు చూడాలి, ఎప్పుడు తీసేయాలి అన్నది కాగితం ఉన్నవాళ్ళు చెప్పాలి. లింకు ఉన్నవాళ్ళు ఎవరైనా అన్న అనుమతి కాగితాలకి ఎప్పుడూ వద్దు.

2. స్కాన్ అసలు కాదు. అసలు కాగితం కవరులోనే భద్రంగా ఉండాలి. డ్రైవ్‌లో ఉంది కదా అని కవరుని నిర్లక్ష్యం చేస్తే రెండూ పోతాయి.

3. ఒక్క చోటే పెట్టకండి. రెండేళ్ళు ఎవరూ వాడని అకౌంట్‌ని గూగుల్ తొలగించవచ్చు. మేము ఒక పెన్‌డ్రైవ్‌లో పాస్‌వర్డ్ పెట్టిన కాపీ ఉంచాం.

4. మనం వెళ్ళిపోయాక ఎవరు చూస్తారో ముందే తేల్చండి. మేము వచ్చే ఏడాది హాస్టల్ ఖాళీ చేస్తాం. అందుకని ప్రోగ్రాంలో ప్రతి లైన్ పక్కన అది ఏం చేస్తుందో తెలుగులో రాసి పెట్టాం.

ఇది పెద్ద గొప్ప పని అని చెప్పడం లేదు. కంప్యూటర్ చదివినవాళ్ళకి ఇది రెండు రోజుల పని, మాకు రెండు నెలలు పట్టింది. కానీ మన ఇళ్ళల్లో ఎవరూ చెయ్యని పని కాబట్టి, తెలిసినంత మీతో చెప్పుకోవాలనిపించింది. ప్రోగ్రాం కావాలన్నవాళ్ళు అడగండి, ఇస్తాం. మా టోకెన్ తీసేసి ఇస్తాం. మీరు ఇంకా మంచి పద్ధతి కనిపెడితే మాకూ చెప్పండి. తప్పులు కనిపిస్తే మొహమాటపడకుండా రాయండి.

సెలవులకి ఇంటికి వెళ్ళినప్పుడు ఒక్కసారి ఆ కవరు దించి, అందులో ఏ కాగితం ఏదో అమ్మకి గుర్తులతో చెప్పి రండి. సీలు రంగు ఒక్కటే చెప్పకండి.

జై ఆదివాసీ.